తెరమీది పంచాంగము

వయసు మళ్లిన స్త్రీకి మన చలనచిత్రములలో మంచిరోజులు వచ్చినవనియు, వెనుకటివలె కన్నీరొత్తుకొను తల్లిగానో, కోడలి నేడిపించు గయ్యాళి యత్తగానో గాక కథ నడిపించు శక్తిగా నామెను చూపుచున్నామనియు సినిమావారు సభలలో సెలవిచ్చుచున్నారు. అంతటివారి మాట కాదనుటకు మనమెంతవారము? కాని తెరమీద చెల్లు పంచాంగమును రెండు పుటలు తిరుగవేసినచో, అందు పురుషునకొక కాలమానమును, స్త్రీకి వేరొకటియు కానవచ్చును.

1962లో వచ్చిన 'గుండమ్మ కథ'లో సూర్యకాంతమునకు అల్లుండ్రైన రామారావు, నాగేశ్వరరావులలో మొదటివారు ఆమెకన్న ఏడాదికి పైగా, రెండవవారు నెలకు పైగా పెద్దలు. తమ తరువాత పుట్టిన అత్తకు ఆ అల్లుండ్రు బుద్ధి చెప్పి పోయిరి; ఆ నటీమణి ప్రజ్ఞ యెట్టిదో గాని, లెక్క చూడవలెనని యెవరికిని తోచలేదు. 'బడిపంతులు' (1972)లో రామారావుగారి మనుమరాలైన చిన్నారి శ్రీదేవి ఏడేండ్లకు 'వేటగాడు'లో ఆయన సరసన నాయిక యయ్యెను. మొదటి చిత్రమున ఆయనకు భార్యయైన అంజలీదేవికి అట్టి వెనుకనడక సాధ్యపడలేదు.

ఇవి పాత ముచ్చటలందురేని, 2016 సంక్రాంతికి వచ్చిన 'సోగ్గాడే చిన్ని నాయనా' కలదు. అందు రమ్యకృష్ణ ఒక నాగార్జునకు భార్య, మరియొక నాగార్జునకు తల్లి; నిజమునకు ఆయన యామెకన్న పదకొండేండ్లు పెద్ద. భర్త ఎన్నడో చనిపోయి ఆత్మగా తిరిగివచ్చినాడు గనుక పడుచువాడుగనే యుండెనని సమాధానము చెప్పుదురు. చచ్చినవాడు ముసలివాడు గాకుండుట సమంజసమే. ఆ ముసలితనమంతయు బ్రదికియున్న భార్య పద్దున వ్రాయుటయే విడ్డూరము.

'బాహుబలి'లోని శివగామిని చూడలేదా యందురు. చూచితిమి, ఆ కంటిచూపునకు జడిసితిమి గూడ. ఒక్క చినుకును చూపి చెరువు నిండినదనుట మాత్రము మాకు చేతగాదు.

ఇక 'ఓ బేబీ' (2019). కథానాయిక డెబ్బదేండ్ల అవ్వ! ఎంత సాహసమని మురిసి కూర్చుంటిమి. లక్ష్మి వంటి నటి చేతనుండగా, ఆ యవ్వ ఫోటో స్టూడియోలో అడుగిడి ఇరువదినాలుగేండ్ల సమంతయై వెలికివచ్చిన పిమ్మటగాని కథ కాలు సాచలేదు. చిత్రము వినోదకరమే, దాని మూలము కొరియా దేశపుది గనుక ఈ జబ్బు మనయొక్కరిదే కాదని కొంత యూరట. అవ్వ మనసు చెప్పుటకు అవ్వ ముఖము చాలదని మాత్రము తేలిపోయినది.

టీవీ సీరియళ్లలో అత్తలకు కొదువ లేదు. పట్టుచీరతో పవళించి, వడ్డాణముతో మేల్కొని, కోడలు కాఫీ తెచ్చునంతలో ముమ్మారు ఉరుములతో ముఖము చూపు ఆ గృహిణికి వార్ధక్యమెక్కడిది? కథ ఇరువదేండ్లు ముందునకు దూకిననాడు కూతురు మారి కొత్తపిల్ల వచ్చును. తల్లికి చెవిప్రక్కన రెండు తెల్లవెంట్రుకలును, ముక్కుపై కళ్లజోడును ప్రసాదింతురు. మరునాటి భాగమునకు ఆ వెంట్రుకలు మరల నల్లబడును. సున్నమద్దువాడు సెలవులో నుండెను గాబోలు.