గూడేనికి లెక్కకు వెళ్లేవారు చెవిన పెట్టకూడని సలహాలు

భద్రాచలం ఏజెన్సీలో జనగణన డ్యూటీ పడిన టీచర్లకు శిక్షణలో చెప్పేది ఒక ఎత్తు, బయట టీ కొట్టు దగ్గర సీనియర్లు చెప్పేది ఒక ఎత్తు. రెండోదే తొందరగా తలకెక్కుతుంది, పని తేలికయ్యే దారి అందులో ఉంటుంది కాబట్టి. 2011 తర్వాత ఇన్నేళ్లకు వస్తున్న లెక్క ఇది. 2027 మార్చి 1 నాటికి ఎక్కడ ఎవరున్నారో తేల్చే లెక్క. దేశంలో అందరి కులాల అంకెలూ చివరిసారి జనగణన పుస్తకంలో అచ్చయింది 1931లో. ఈసారి మళ్లీ అందరినీ కులం అడగబోతున్నారు. ఇప్పుడు గూడెంలో ఒక మనిషిని తప్పు గడిలో రాస్తే, మళ్లీ లెక్క వచ్చేదాకా ఆ తప్పే నిజమై కూర్చుంటుంది. అందుకని ఆ సలహాలేమిటో, వాటిని ఎందుకు వినకూడదో రాస్తున్నాను.

"గూడెమంతా తిరగక్కర్లేదు, పటేల్ ఇంటి అరుగు మీద కూర్చో, అందరూ అక్కడికే వస్తారు." అన్నిటికంటే ఎక్కువగా వినిపించేది ఇదే, ఎక్కువ నష్టం చేసేదీ ఇదే. అరుగు దగ్గరికి వచ్చేది ఎవరు? ఊళ్లో నోరున్నవాళ్లు, రేషన్ కార్డు ఉన్నవాళ్లు. ఒంటరి ముసలమ్మ రాదు. పోడు చేను దగ్గర మంచె వేసుకుని అక్కడే ఉండిపోయిన కుటుంబం రాదు. గూడెం దాటి వాగు అవతల నాలుగు గుడిసెలు వేసుకున్నవాళ్ల సంగతి పటేల్‌కు గుర్తు రావచ్చు, రాకపోవచ్చు.

పైగా జనాభా లెక్క జరిగేది ఫిబ్రవరిలో. ఆ నెలలో చర్ల, దుమ్ముగూడెం, బూర్గంపాడు వైపు ఒకసారి వెళ్లి చూడండి. గోదావరి ఒడ్డు చేలన్నీ ఎర్రగా మిర్చితో నిండి ఉంటాయి. గూడేలు సగం ఖాళీ. ఇంటికి తడిక వేసి, తడిక మీద ముళ్లకంప పెట్టి, పిల్లలతో సహా కోతకు పోతారు. సరిహద్దు అవతల ఛత్తీస్‌గఢ్ నుంచి కూడా కూలీలు గుంపులు గుంపులుగా దిగుతారు. చేను గట్టు మీదే ప్లాస్టిక్ పట్టా కప్పిన గుడారం, బయట మూడు రాళ్ల పొయ్యి, పక్కన నీళ్ల డ్రమ్ము. పొద్దున ఏడింటికల్లా మనిషన్నవాడు గుడారంలో ఉండడు. మీరు పదింటికి వెళితే కనిపించేది తమ్ముడిని ఎత్తుకున్న ఎనిమిదేళ్ల అక్క ఒక్కతే. ఆ పిల్లను అడిగి రాసుకుంటే అది లెక్క కాదు.

2011లో పాటించిన నియమం ఇది: గణన జరిగే రోజుల్లో ఒక్కసారైనా ఇంటి పట్టున ఉన్నవాళ్లను ఇంటి దగ్గర రాయాలి, ఆ రోజులన్నీ బయటే గడిపినవాళ్లను దొరికిన చోట రాయాలి. ఇల్లే లేనివాళ్లను చివరి రాత్రి రాయాలి. కోతకు పోయిన కుటుంబం నెలంతా చేలోనే ఉంటే, గూడెంలో రాసే సారు "ఊళ్లో లేరు" అని వదిలేస్తాడు, చేల వైపు సారు "వీళ్లు మన ఊరివాళ్లు కాదు" అని వదిలేస్తాడు. అప్పుడు ఆ కుటుంబం ఏ పుస్తకంలోనూ ఉండదు. చేల దగ్గరికి వెళ్లాల్సింది చీకటితోనో, పొద్దుగూకాకనో. రైతునో మేస్త్రీనో వెంటబెట్టుకు వెళితే కూలీల సంఖ్య చెబుతారు, పేర్లు చెప్పలేరు. కూలీలతోనే మాట్లాడాలి.

"ఏముంది, మనిషిని చూస్తే తెలిసిపోతుంది." ఈ మాటకు వందేళ్లకు పైబడిన చరిత్ర ఉంది, అదేమీ గొప్పది కాదు. 1901 జనగణనకు కమిషనర్‌గా ఉన్న హెర్బర్ట్ రిస్లీ ముక్కు వెడల్పును బట్టి జాతిని తేల్చవచ్చని నమ్మినవాడు. మద్రాసులో ఎడ్గార్ థర్‌స్టన్ కొలత పరికరాలు పట్టుకుని తలలూ ముక్కులూ కొలిచాడు. భద్రాచలం అప్పటికి మద్రాసు ప్రెసిడెన్సీలోనే ఉంది. 1860లో నిజాం నుంచి బ్రిటిష్ వారి చేతికి వచ్చి, సెంట్రల్ ప్రావిన్సెస్ కింద కొన్నేళ్లు ఉండి, 1874లో గోదావరి జిల్లాలో కలిసింది. గోదావరి ఇవతలి ఒడ్డున పాల్వంచ నిజాం రాజ్యం. ఒకే ఇంటి పేరున్న కోయలు, పిల్లనిచ్చి పుచ్చుకునేవాళ్లు, ఏటికి ఆ ఒడ్డున ఒక ప్రభుత్వం పుస్తకంలోకీ ఈ ఒడ్డున ఇంకో ప్రభుత్వం పుస్తకంలోకీ ఎక్కారు. ముక్కులు కొలిచినవాళ్లకు ఈ వియ్యాల సంగతి పట్టలేదు.

ఇది మన దేశపు జబ్బే కాదు. అమెరికాలో 1920 నుంచి 1940 దాకా మూడు జనగణనల్లో మన దేశం నుంచి వెళ్లినవాళ్లను జాతి అన్న గడిలో "హిందూ" అని రాశారు. సిక్కు అయినా ముస్లిం అయినా అదే. 1970లో వాళ్లనే తెల్లజాతిలో వేశారు. 1980లో "ఏషియన్ ఇండియన్" అని వేరే గడి పెట్టారు. అక్కడికి మొదట్లో వెళ్లిన తెలుగు డాక్టర్లలో ఈ రెండు గడుల్లోకీ ఎక్కినవాళ్లున్నారు. మనిషి మారలేదు, ఆఫీసులో అచ్చు కాగితం మారింది. రాసేవాడి కంటిని నమ్మితే ఎక్కడైనా జరిగేది ఇంతే.

ఇక్కడ కంటిని నమ్మినవాళ్ల చేతిలో ఎక్కువ నష్టపోయేది కొండరెడ్లు. దమ్మపేట మండలం పూసుకుంట లాంటి చోట్ల, పాపికొండల చుట్టుపక్కల ఉండే ఈ తెగవారి ఇంటి భాష తెలుగే. కులం అడిగితే "రెడ్డి" అంటారు. తెలుగు మాట్లాడే రెడ్డి అనగానే మైదాన ప్రాంతం నుంచి వెళ్లిన సారుకు చెయ్యి ఓసీ గడి వైపు పోతుంది. అక్కడ ఆగాలి. "కొండరెడ్లా సారూ, మైదానం రెడ్లా?" అని వాళ్లను అడిగితే వాళ్లే చెబుతారు. తెలంగాణలో అత్యంత వెనకబడిన ఆదిమ గిరిజన తెగలుగా గుర్తించినవి నాలుగే: చెంచు, కొలాం, తోటి, కొండరెడ్డి. మొత్తం సంఖ్యే చిన్నదైన తెగలో పది ఇళ్లు తప్పు గడిలో పడితే ఆ తెగ తగ్గిపోతోందని పైన అనుకుంటారు. రెడ్డి దొర అన్నది జాబితాలో వేరే తెగ. దానితోనూ కలపకూడదు. ఫోన్‌లో పేర్ల జాబితా వస్తే, దగ్గరగా వినిపించిన పేరు నొక్కేసి ముందుకు పోయే అలవాటు ఇక్కడ చాలా చేటు చేస్తుంది.

"మాతృభాష తెలుగు అని రాసెయ్, మనతో తెలుగులోనేగా మాట్లాడుతున్నారు." మీతో తెలుగులో మాట్లాడతారు, మీకు కోయ రాదు కాబట్టి. మీరు వెనక్కి తిరగగానే ఇంట్లోవాళ్లతో ఏ భాషలో మాట్లాడుతున్నారో వినండి. జనగణనలో మాతృభాష అంటే చిన్నప్పుడు అమ్మ తనతో మాట్లాడిన భాష, అంతే. 2011లో దేశం మొత్తం మీద కోయ మాతృభాషగా నమోదైనవారు దాదాపు 4 లక్షల 7 వేల మంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ఒక్కదానిలోనే కోయ తెగవారు అంతకంటే ఎక్కువ. ఒడిశాలో, ఛత్తీస్‌గఢ్‌లో ఉన్నవాళ్లు అదనం. చాలా గూడేల్లో నిజంగానే ఇంట్లోకి తెలుగు వచ్చేసింది, ఆ తేడా అంతా రాసినవాళ్ల తప్పే అనడం న్యాయం కాదు. కానీ అడగకుండా రాసిన ఇళ్లు కూడా అందులో ఉన్నాయి. ఒకటో తరగతి పిల్లలకు ఇంటి భాషలో పాఠాలు కావాలని ఎవరైనా అడిగినప్పుడు మొదట ఎదురయ్యే ప్రశ్న "ఆ భాషవాళ్లు ఎంతమంది?" అనే. ఆ జవాబు తయారయ్యేది మీ చేతిలోనే. ఒకే ఇంట్లో అత్తది కోయ, కోడలిది తెలుగు కావచ్చు. ఇంటికంతా ఒకటే రాయాలన్న నియమం లేదు.

మతం గడి దగ్గర రెండు వైపుల నుంచీ భయపెట్టే సలహాలు వస్తాయి. "హిందూ కాక ఇంకేమైనా రాస్తే ఎస్టీ పోతుంది" అని ఒకరు గూడెంలో చెప్పి వెళతారు. అది అబద్ధం. మతం నిబంధన ఎస్సీలకు ఉంది, ఎస్టీలకు లేదు. దుమ్ముగూడెంలో పంతొమ్మిదో శతాబ్దం నుంచే క్రైస్తవ మిషన్ ఉంది. ఆ చర్చికి వెళ్లే కోయ కుటుంబం ఎస్టీయే. ఇలవేల్పులను కొలుస్తూ తమ మతం కోయపునెం అని చెప్పే కుటుంబమూ ఎస్టీయే. బ్రిటిష్ కాలంలో తెగల మతాలకు ఒక గడి ఉండేది. 1931లో కమిషనర్ హట్టన్ దాన్ని "గిరిజన మతాలు" అన్న పేరుతోనే పెట్టాడు. స్వాతంత్ర్యం తర్వాత ఆ గడి పోయింది. అయినా 2011లో ఆరు పెద్ద మతాలు కాకుండా "ఇతర మతాలు" కింద తమ మతం పేరు చెప్పి రాయించుకున్నవారు 79 లక్షల మంది. అందులో జార్ఖండ్ వైపు సర్నా అని రాయించుకున్నవారే 49 లక్షలకు పైన, గోండీ అని రాయించుకున్నవారు 10 లక్షల పైచిలుకు. అడిగి రాసిన చోట ఆ పేర్లు పుస్తకంలోకి వచ్చాయి. మన గూడెంలో ఎవరైనా హిందూ అని చెబితే హిందూ అనే రాయండి. వాళ్ల తరఫున మీరు ఏదీ నిర్ణయించవద్దు, అటు వైపూ ఇటు వైపూ.

ఇక గుత్తికోయల గురించి చెప్పే సలహా. "వాళ్లు మనవాళ్లు కాదు, ఛత్తీస్‌గఢ్ వాళ్లు. ఫారెస్టులో ఉన్నవాళ్లను రాస్తే మనకే తలనొప్పి." 2005లో బస్తర్‌లో మావోయిస్టులకు వ్యతిరేకంగా సల్వాజుడుం మొదలయ్యాక ఆ రెండు పక్షాల మధ్య నలిగిపోయి ఎన్నో కుటుంబాలు సుక్మా, బీజాపూర్ వైపు నుంచి ఈ అడవుల్లోకి వచ్చి పడ్డాయి. అప్పుడు చంకన వచ్చిన పిల్లలకు ఇప్పుడు పిల్లలున్నారు. ఎస్టీ జాబితా ఏ రాష్ట్రానికి ఆ రాష్ట్రానిది. అవతల ఎస్టీ అయినవాడు ఇవతల కాకపోవచ్చు. తెలంగాణ జాబితాలో కోయ పద్దు కింద గుత్త కోయ అన్న పేరుంది, కానీ వచ్చిన గుత్తికోయలను ప్రభుత్వం వలసవచ్చినవారిగానే చూస్తోంది. ఈ తగువు తేల్చాల్సింది ప్రభుత్వం, కోర్టు. మీ చేతిలో ఉన్న పని వేరు. ఆ రోజు ఆ గుడిసెలో ఎంతమంది ఉన్నారు, పేరేమిటి, వయసెంత, ఎక్కడ పుట్టారు, ఎప్పుడు వచ్చారు, తమ తెగ పేరు ఏం చెప్పుకుంటున్నారు. ఇవన్నీ రాయాలి. వలస గురించి అడిగే ప్రశ్నలు ఇలాంటి ఇళ్ల కోసమే ఉన్నాయి. ఎస్టీ అవునా కాదా అన్న గడి ఒక్కటి చిక్కుగా ఉందని మనిషినే వదిలేయడం ఘోరం. అంగన్‌వాడీ ఎక్కడ పెట్టాలి, బోరు ఎక్కడ వేయాలి, దోమతెరలు ఎన్ని కావాలి అని లెక్క వేసేటప్పుడు కాగితంలో లేని గుడిసెలో మలేరియా జ్వరం ఎవరికీ కనిపించదు.

ఆ గుంపు నుంచి వచ్చే భయం కూడా నిజమైనదే. "పేరు రాయించుకుంటే ఫారెస్టోళ్లు గుడిసె పీకేస్తారు, చెప్పొద్దు" అని ఒకరికొకరు సలహా ఇచ్చుకుంటారు. వాళ్లతో నెమ్మదిగా చెప్పండి. 1948 జనగణన చట్టం 15వ సెక్షన్ ప్రకారం మీరు రాసుకున్న కాగితం ఎవరూ తిరగేయకూడదు, కోర్టులో సాక్ష్యంగా పెట్టకూడదు. అలాగని "రాయించుకుంటే పట్టా వస్తుంది" అని ఆశ పెట్టవద్దు. అటవీ హక్కుల చట్టంలో గడువు తేదీ 2005 డిసెంబర్ 13. ఒక ఇంటి ఫారం పట్టాకు పనికిరాదు. అయితే ఆ చట్టం నియమాల్లో ఆధారాల జాబితా ఉంది, అందులో ప్రచురించిన జనగణన నివేదికల పేరు కూడా ఉంది. అంటే గూడెం పేరు, నక్షలో దాని చోటు సరిగ్గా పడితే గ్రామసభకు అది ఎప్పటికైనా అక్కరకొస్తుంది.

"సర్టిఫికెట్ చూపించమను, లేకపోతే ఎస్టీ రాయకు." తహసీల్దారు పని మీరు చేయవద్దు. జనగణనకు మాటే ఆధారం. పక్క ఇంటివాళ్లు "వాళ్లు ఎస్టీలు కాదు సారూ" అని చెవిలో ఊదినా సరే, ఆ ఇంటివాళ్లు చెప్పిందే రాయాలి. లంబాడీలకూ కోయలకూ మధ్య ఎస్టీ హోదా మీద 2017 నుంచి ఎంత వేడి రాజుకుందో ఈ ప్రాంతంలో అందరికీ తెలుసు. తెలంగాణలో లంబాడీలు జాబితాలోకి వచ్చింది 1976 సవరణ చట్టంతో. దాని మీద ఎవరి అభిప్రాయం వారిది. ఆ అభిప్రాయం పెన్నులోకి రాకూడదు.

"2024లో ఇంటింటి కుల సర్వే చేశాంగా, అందులోది దించేయ్." అది రాష్ట్ర ప్రభుత్వం చేసిన సర్వే. దాని ప్రకారం తెలంగాణలో ఎస్టీలు 10.45 శాతం. దాని ప్రశ్నలు వేరు, దాని తేదీ వేరు. అప్పుడు ఊళ్లో లేని మనిషి అందులోనూ లేడు.

ఆడవాళ్ల దగ్గర భర్త పేరు రాబట్టేదాకా వదలొద్దన్న సలహా కూడా ఉంది. చట్టం 8వ సెక్షన్ చదవండి. ఆచారం ప్రకారం పలకకూడని పేరును ఏ స్త్రీ చెప్పనక్కర్లేదు. పక్కనున్న మరిదిని అడగండి, చెబుతాడు.

భద్రాచలం పట్నం అంచున పనిచేసేవారికి ఇంకొక మాట. 2011లో ఖమ్మం జిల్లా ఒకటే, జనాభా దాదాపు 28 లక్షలు, అందులో గిరిజనులు 27 శాతం పైన. 2014లో పోలవరం ముంపు కోసం కూనవరం, చింతూరు, కుక్కునూరు వంటి మండలాలు ఆంధ్రప్రదేశ్‌కు వెళ్లాయి, 2016లో భద్రాద్రి కొత్తగూడెం వేరే జిల్లా అయింది. భద్రాచలం ఊరు తెలంగాణలో ఉండిపోయింది. దాన్ని ఆనుకుని ఉన్న ఎటపాక, పురుషోత్తపట్నం అవతలి రాష్ట్రం. వీధి చివర రాష్ట్రం మారుతుంది. పొద్దున ఇటు కూలికి వచ్చి రాత్రి అటు పడుకునేవాళ్లు, అటు పొలం కౌలుకు చేస్తూ ఇటు అద్దెకుండేవాళ్లు వందల్లో ఉన్నారు. "అటువాళ్లను అటువాళ్లే రాసుకుంటారులే" అని రెండు వైపులా అనుకుంటే రెండు వైపులా మిగిలిపోతారు. అనుమానం వచ్చిన ఇంటి దగ్గర రెండు మాటలు అడగండి: ఈ నెలంతా రాత్రిళ్లు ఎక్కడ పడుకున్నారు, ఎవరైనా వచ్చి మీ పేర్లు రాసుకున్నారా. ఎవరూ రాసుకోలేదు, పడుకున్నది ఇక్కడే అంటే, అక్కడే నిలబడి రాసేయండి.