పాటొక్కటే తక్కువ

ఇటలీ మూకీల నిర్మాతలది మామూలు తెలివి కాదు. ఆపెరాలో కథ బలహీనం, పాట బలం అని ఊళ్లో పిల్లాడికి కూడా తెలుసు. వీళ్లు పాట తీసేసి కథను ఉంచుకున్నారు.

వెర్దీ 'ఇల్ త్రోవతోరే' సంగతే చూడండి. పగబట్టిన జిప్సీ తల్లి శత్రువు బిడ్డననుకుని సొంత బిడ్డనే మంటల్లో వేసేస్తుంది. ఈ ఘోరం రంగస్థలం మీద మన కళ్లముందు జరగదు, ఆవిడ పాడి చెబితేనే తెలుస్తుంది. ఆ గానం కోసమే జనం ఆ కథను క్షమించారు. 1910లో ఫ్రెంచి పాథే వారి రోము శాఖ ఫిల్మ్ దార్తే ఇటాలియానా ఆ నాలుగంకాలనూ కొన్ని నిమిషాల రీలుకు కుదించి, మూగగా చూసుకోమంది. పక్కన పియానో ఉంటుంది కదా అంటారు. ఉంటుంది, వాయించేవాడికి వచ్చినంత!

అసలు ఘనకార్యం 1916లో జరిగింది. 'కవల్లేరియా రుస్తికానా' పేరుతో ఒకే ఏడాది రెండు కంపెనీలు రెండు సినిమాలు తీశాయి. టెస్పి కంపెనీకి తీసిన ఊగో ఫలేనా, కథానాయిక శాంతుజ్జా వేషానికి ఏరికోరి జెమ్మా బెల్లించోనీని తెచ్చాడు. 1890 మే 17న రోము కొస్తాంజీ థియేటర్లో స్వరకర్త మస్కాన్యీ ఇదే పేరుతో రాసిన ఆపెరా తొలి ప్రదర్శనలో శాంతుజ్జాగా పాడింది ఈవిడే. ఇరవై ఆరేళ్ల తర్వాత, వయసు యాభై దాటాక, మళ్లీ ప్రేమలో మోసపోయిన పల్లెపిల్లగా కెమెరా ముందు నిలబెట్టారు. యౌవనం ఎటూ లేదు, ఉన్న గొంతు తెరకెక్కదు. ఇక మిగిలింది పేరు. పోస్టరుకు అది చాలు.

ఈ కథ రచయిత జొవాన్నీ వెర్గాది. ఆపెరాలో తన వాటా కోసం కోర్టుకెక్కి, 1893లో 1,43,000 లీరాలకు రాజీపడ్డ మనిషి. పాట ఒకరి సొత్తు, కథ ఇంకొకరి సొత్తు. మూకీకి కథ హక్కుంటే సరిపోయె! మరి కథే కావాలనుకుంటే నటీమణులకు కరువా? గాయనిని ఎందుకు పిలిచినట్టు?

మస్కాన్యీయే నయం. నీనో ఒక్సీలియా తీసిన 'రాప్సోదియా సతానికా' ఆపెరా కాదు. దానికి కొత్తగా సంగీతం రాసి, 1917లో రోములో తానే దగ్గరుండి వాద్యబృందాన్ని నడిపించాడు. మూకీకి సంగీతం ఎలా చేయాలో సంగీతకారుణ్ని అడిగితే తెలిసేది.

బెల్లించోనీ గొంతు 1903లోనే గ్రామఫోన్ రికార్డులకెక్కింది. బరబరమన్నా సరే, వినదలచినవారు టికెట్ డబ్బులు వాటి మీద పెట్టండి.