మీసానికి మద్దతు ధర

పంజాబీ పాటలో రైతు పొద్దున లేవగానే చేసే మొదటి పని కారు తాళాలు వెతుక్కోవడం. ఆ కారు తెల్ల ఫార్చ్యూనరో, నల్ల థారో అయి ఉంటుంది. రెండో పని నల్లకళ్లద్దాలు పెట్టుకోవడం. మూడోది, నలుగురు స్నేహితుల్ని వెంటేసుకుని ఊరి పొలిమేరలో ఎవడో శత్రువు ఉన్నాడని వాడికి వినపడేలా హెచ్చరించడం. ఆ శత్రువు పేరేమిటో, చేసిన నేరమేమిటో ఎవరికీ తెలీదు. మధ్యలో ఒక అమ్మాయి వస్తుంది. హీరో నడకను మెచ్చుకోవడం ఆమె ఉద్యోగం. ఇంతలో మూడున్నర నిమిషాలు అయిపోతాయి. మోటారు ఆడుతోందా, యూరియా దొరికిందా, మడికి నీళ్లెక్కాయా అని అడిగే మనిషి ఆ పాటలో ఒక్కడంటే ఒక్కడు కనపడడు.

ఈ హీరోకు సొంత పేరు అక్కర్లేదు. కులం పేరు చాలు: జట్. పంజాబ్ పల్లెల్లో భూమి ఎక్కువగా ఉన్నది ఆ కులం చేతిలోనే. 1960ల చివర్లో హరిత విప్లవం వచ్చినప్పుడు దేశం గాదె నింపినవాళ్లలోనూ వాళ్లదే ముందు వరస. కాబట్టి ఆ గర్వం ఊరికే వచ్చింది కాదు. చిక్కల్లా ఏమిటంటే, గర్వాన్ని అన్నదమ్ములు పంచుకోనక్కర్లేదు, భూమిని పంచుకోవాలి. 2015-16 వ్యవసాయ గణన నాటికి అక్కడి సగటు కమతం 3.62 హెక్టార్లు, అంటే దాదాపు తొమ్మిదెకరాలు. తెలంగాణలో సగటు ఒక హెక్టారు, ఆంధ్రప్రదేశ్‌లో 0.94 కాబట్టి మన కళ్లకది జమీందారీలాగే కనపడొచ్చు. పాటకు మాత్రం తొమ్మిదెకరాలు ఏ మూలకూ చాలవు. డ్రోన్ కెమెరా పైకి లేచి ఎంత దూరం చూపిస్తే అంతా హీరోదే. గట్లూ, పక్కవాడి సర్వే నంబర్లూ ఎడిటింగులో ఎగిరిపోతాయి.

ఏటా భూమిలోకి ఇంకే నీటికి ఒకటిన్నర రెట్లు మించి తోడేస్తున్న రాష్ట్రం పంజాబ్. వరీ గోధుమా తగ్గించి పంట మార్చమని ఎస్.ఎస్. జోహల్ కమిటీ 1986లోనే చెప్పింది. రైతు మార్చలేదు. ఆ రెండూ తప్ప ఏది పండించినా మండీలో గ్యారంటీగా కొనే నాథుడు లేడు మరి. పాటలవాళ్లు మాత్రం కమిటీ సలహాను తు.చ. తప్పకుండా పాటించారు. మూడో పంట కనిపెట్టారు: మీసం. దానికి నీళ్లక్కర్లేదు, ఎరువక్కర్లేదు, తెగులు సోకదు. లూధియానా పెళ్లిమంటపం నుంచి కెనడాలోని బ్రాంప్టన్ దాకా, బర్మింగ్‌హామ్ నుంచి మన గచ్చిబౌలి పబ్బుల దాకా ఎంత పండితే అంతా కొంటారు. మద్దతు ధరకు చట్టబద్ధత కావాలని రైతులు ఎండలో, చలిలో కూర్చుని అడిగినా దక్కలేదు. అడక్కుండానే దక్కిన పంట ఇదొక్కటే.

ఇక ట్రాక్టర్. మన దగ్గర ట్రాక్టర్ దున్నడానికి, వడ్లు మోయడానికి, అప్పుడప్పుడూ పెళ్లివారిని తీసుకెళ్లడానికి పనికొస్తుంది. పాటలో అది ముందు చక్రాలు గాల్లోకి లేపి గుర్రంలా నిలబడుతుంది. పాట చూసిన ఊళ్లు ఊరుకుంటాయా? రెండు ట్రాక్టర్లను వెనకా వెనకా కట్టి ఏది దేన్ని లాగేస్తుందో చూసే 'టోచన్' పోటీలు, మనిషి దిగిపోయినా ట్రాక్టర్ తనంతట తాను గిరగిరా తిరిగే విన్యాసాలు పుట్టుకొచ్చాయి. 2023 అక్టోబరులో గురుదాస్‌పూర్ జిల్లాలో అలాంటి విన్యాసం చేస్తూ ఒక యువకుడు దానికిందే పడి చనిపోయాక ప్రభుత్వం వాటిని నిషేధించింది. పంజాబ్‌లో అవసరానికి మించి ట్రాక్టర్లున్నాయని ఆర్థికవేత్తలు ఎప్పట్నుంచో మొత్తుకుంటున్నారు. వాయిదాలు కట్టలేనివాళ్లు వాటిని పంజాబ్ దక్షిణాన ఉన్న మాల్వా ప్రాంతపు సెకండ్‌హ్యాండ్ సంతల్లో తెగనమ్ముకుంటారు. ఇంట్లో ఈగల మోత, బయట పల్లకీ మోత అన్న మన సామెతకు ఇంతకంటే గట్టి ఇంజను దొరకదు.

హీరో పొలానికి వెళ్లడు సరే, మరి నాట్లెవరు వేస్తారు? బీహారు, ఉత్తరప్రదేశ్‌ల నుంచి జూన్‌లో రైలు దిగే కూలీలు. 2020 లాక్‌డౌన్‌లో వాళ్లు సొంతూళ్లకు వెళ్లిపోతే పంజాబ్ రైతులు బస్సులు పంపి మరీ వెనక్కి రప్పించుకున్నారు. అంటే, ఎవరికీ తలవంచనని మూడున్నర నిమిషాలు ఉరిమినవాడు, వేరే రాష్ట్రంలోని మేస్త్రీకి ఫోన్ చేసి 'ఎప్పుడొస్తావు అన్నా' అని బతిమాలాడన్నమాట. తప్పేం లేదు, వ్యవసాయమంటే అదే. కానీ ఆ ఫోన్ కాల్‌కి ట్యూన్ కట్టినవాడు లేడు. మాల్వాలో ఎర్రటి ఎండలో పత్తి తీసే ఆడవాళ్లకూ పాట లేదు. బఠిండా నుంచి బికనీర్‌కు రోగుల్ని మోసుకెళ్లినందుకు జనం 'కేన్సర్ రైలు' అని పేరు పెట్టిన బండికీ లేదు.

పాటలోని మగతనానికి అసలు పరీక్ష యుద్ధంలో కాదు, విదేశీ చదువుకు అడిగే ఇంగ్లిష్ పరీక్ష ఐఈఎల్‌టీఎస్ హాల్లో జరుగుతుంది. ఆ పరీక్షలో అబ్బాయి గట్టెక్కడు, అమ్మాయి మంచి బ్యాండ్లు తెచ్చుకుంటుంది. అప్పుడు అబ్బాయి తరఫువాళ్లు ఆమె కాలేజీ ఫీజు, విమానం టికెట్టు, పెళ్లి ఖర్చు అన్నీ పెట్టుకుని సంబంధం కలుపుకుంటారు. ఆమె విద్యార్థిగా వెళ్తుంది, ఆయన భార్యగారి వీసా మీద వెనకాలే వెళ్తాడు. పేపర్లో పెళ్లి ప్రకటనలు సైతం ఇన్ని బ్యాండ్ల అమ్మాయి కావలెను, ఖర్చంతా మాదే అంటాయి. జలంధర్ దగ్గర తల్హణ్ గురుద్వారాలో వీసా కోసం బొమ్మ విమానాలు సమర్పించుకుంటారు. చిలుకూరు బాలాజీకి పదకొండు ప్రదక్షిణలు మొక్కి, స్టాంపు పడ్డాక నూట ఎనిమిది చేసే మనం నవ్వడానికేమీ లేదు. తేడా ఒక్కటే: మనవాడు వీసా వచ్చాక తొడగొట్టడు, జావా నేర్చుకుంటాడు.

తుపాకీ దగ్గరికి వద్దాం. పంజాబ్‌లో దాదాపు మూడున్నర లక్షల ఆయుధ లైసెన్సులున్నాయి. పంటకు పట్టిన తెగులు మీద ఆ తుపాకులను పేల్చలేం. అప్పిచ్చిన మండీ దళారి ఆఢ్తియా మీద అసలే కుదరదు, వచ్చే పంటకు పెట్టుబడి మళ్లీ అతనే పెట్టాలి. ఇక మిగిలింది పెళ్లి. 2016 డిసెంబరులో బఠిండా జిల్లా మౌర్ మండీలో పెళ్లి వేదిక మీద నాట్యం చేస్తున్న ఒక యువతి, సంబరానికి పేల్చిన తూటా తగిలి ప్రాణం వదిలింది. ఆనందాన్ని తుపాకీతో చెప్పుకోవడం మగతనమైతే, దాని ఖర్చు ఎవరి ఖాతాలో పడుతుందో ఆ వేదిక చూపించింది.

ఈ మీసాల పంటలో అందరికంటే పెద్ద పేరు గాయకుడు సిద్ధూ మూసేవాలాది. మాన్సా జిల్లా మూసా ఊరివాడు. లూధియానాలో ఇంజనీరింగ్ చదివాడు, కెనడా వెళ్లాడు. అందరూ విమానం ఎక్కుతున్న కాలంలో తాను వెనక్కి దిగి, తల్లి సర్పంచ్‌గా ఉన్న సొంత ఊళ్లోనే ఉండిపోయాడు. హెచ్‌ఎంటీ 5911 అనే పాత ట్రాక్టర్‌ను ఇంటింటా తెలిసిన పేరు చేశాడు. పింజోర్‌లో వాటిని తయారుచేసే ప్రభుత్వ యూనిట్ మూతకు కేంద్రం 2016లోనే ఆమోదం తెలిపింది. పెట్టుబడి పెట్టి కేంద్రం నిలపలేని సరుకును అతను పాట పెట్టి నిలిపాడు. 2022 మే 28న పంజాబ్ ప్రభుత్వం 424 మందికి భద్రత కుదించింది. అందులో అతనూ ఉన్నాడు, జాబితా బయటికి పొక్కింది. మర్నాడు థార్‌లో వెళుతున్న అతణ్ని జవహర్కే ఊళ్లో కాల్చి చంపారు. వయసు 28. అంతిమయాత్ర 5911 మీదే సాగింది. పాటలో తుపాకీ ఎప్పుడూ హీరో చేతిలోనే ఉంటుంది. బయట ఆ నియమాన్ని ఎవరూ పాటించరు.

2011 లెక్కల ప్రకారం పంజాబ్ జనాభాలో దాదాపు 32 శాతం దళితులు. ఏ రాష్ట్రంలోనూ ఇంత శాతం లేరు. పాటల పల్లెలో మాత్రం వాళ్ల ఇళ్లు కనపడవు. దాంతో జలంధర్ అమ్మాయి గిన్నీ మాహీ 2016లో 'డేంజర్ చమార్' అని పాడి, మీ కులం పేరు మీరు ఉరిమితే మా కులం పేరు మేమూ ఉరుముతామంది. ఊరి మైకు ఎవరి సొత్తూ కాదని గుర్తుచేసింది. మనకు మాత్రం ఇది కొత్తా? 1999లో సమరసింహారెడ్డి సినిమా వచ్చాక పదేళ్ల పాటు మన తెర మీద రాయలసీమ అంటే సుమోలూ, వేటకొడవళ్లే. అనంతపురం వేరుశనగ ధర అడిగిన హీరోను ఎవరైనా చూశారా? పంజాబీ గాయకుడు దలేర్ మెహందీ చేత 'సాహోరే బాహుబలి' పాడించుకున్న జాతి మనది. గొంతు అరువు తెచ్చుకున్నామేమో గానీ మీసం మాత్రం సొంతమే.

ఇంత జరుగుతుంటే ప్రభుత్వాలు చేతులు ముడుచుకుని కూర్చుంటాయా? మందు, మత్తు, హింసను పొగిడే పాటలు వేదికల మీద వినపడకుండా చూడాలని పంజాబ్-హర్యానా హైకోర్టు 2019లో పోలీసులకు చెప్పింది. 2022 నవంబరులో, నవ్వుల కేసెట్లతో పేరు తెచ్చుకున్న ముఖ్యమంత్రి భగవంత్ మాన్ సర్కారు తుపాకీ పాటలనూ, తుపాకీతో ఫొటోలనూ నిషేధించింది. పోలీసులు ఎంత చురుగ్గా కదిలారంటే, అమృత్‌సర్ జిల్లాలో ఫేస్‌బుక్ ఫొటో ఒకటి పట్టుకుని పదేళ్ల పిల్లాడి మీద కేసు కట్టారు. గోల రేగాక వెనక్కి తీసుకున్నారు.

ఆ చైతన్యం హైదరాబాద్‌కూ పాకింది. 2024 నవంబరు 15న పంజాబీ గాయకుడు దిల్జీత్ దోసాంజ్ కచేరీకి ముందు, మందునూ హింసనూ పొగిడే పాటలు పాడొద్దని తెలంగాణ అధికారులు నోటీసు ఇచ్చారు. ఆయన బుద్ధిగా మందు మాట దగ్గర కోక్ అనీ, దుకాణం మాట దగ్గర హోటల్ అనీ మార్చి పాడాడు. రెండు రోజులకు గుజరాత్‌లో, అన్ని రాష్ట్రాలూ మద్యనిషేధం పెట్టండి, నేను ఆ పాటలే మానేస్తానన్నాడు. ఆ సవాలుకు జవాబు ఎక్సైజ్ శాఖ దగ్గరుంది. 2023లో తెలంగాణ వైన్ షాపుల లక్కీ డ్రాకు దరఖాస్తు రుసుము రెండు లక్షలు, షాపు తగలకపోయినా తిరిగి ఇవ్వరు. దరఖాస్తులు లక్షా ముప్పై వేలు దాటాయి, సీసా మూత తీయకముందే ఖజానాకు రెండు వేల ఆరు వందల కోట్లకు పైగా చేరింది. టోకున మందు అమ్మేది సర్కారు కార్పొరేషనే. అమ్మడం ఆదాయం, తాగడం హక్కు, పాడడం నేరం.

ఇదే పరిశ్రమ ఒక్కసారి నిజంగా పొలం వైపు తిరిగింది. 2020-21లో సాగు చట్టాలకు వ్యతిరేకంగా రైతులు ఢిల్లీ సరిహద్దుల్లో ఏడాదికి పైగా కూర్చున్నప్పుడు ట్రాక్టర్ విన్యాసాలు మాని బియ్యం బస్తాలు మోసింది, నానమ్మలు మైకు పట్టారు, గాయకులు అప్పు గురించీ ధర గురించీ పాడారు. అప్పుడేమైంది? గాయకుడు కన్వర్ గ్రేవాల్ పాట 'ఐలాన్' యూట్యూబ్‌లో మాయమైంది. మూసేవాలా చనిపోయాక విడుదలైన, సట్లెజ్-యమున కాలువ పేరే పెట్టుకున్న 'ఎస్‌వైఎల్' కొద్ది రోజులకే దేశంలో కనపడకుండా పోయింది. అందులో సిక్కు ఖైదీల సంగతులూ, తీవ్రవాద కాలపు ప్రస్తావనలూ ఉన్నాయన్నది నిజమే. అయినా వరస చూడండి: మందు పాటకు నోటీసు, తుపాకీ పాటకు కేసు, నీళ్ల పాట ఏకంగా గల్లంతు.

కాబట్టి సర్కారు వారికి నాదొక మనవి. ఏ పాటనూ నిషేధించకండి. సినిమాలో సిగరెట్ వెలిగితే తెర మూలన హెచ్చరిక వేస్తారు కదా, అలాగే వేయించండి. ట్రాక్టర్ కనపడగానే: 'దీని మీద ఇంకా ఆరు వాయిదాలు బాకీ.' పచ్చని మడి కనపడగానే: 'ఇక్కడ నాట్లు వేసినవారు బీహారులోని పూర్ణియా నుంచి వచ్చారు, బోరు ఇంకో యాభై అడుగులు దించాలి.' మంచులో కోటు వేసుకుని హీరో నడవగానే: 'ఈయన భార్య వీసా మీద ఉన్నారు, రాత్రంతా ట్రక్కు నడిపి వచ్చారు.' గాయకులు ఎగిరి గంతేసి ఒప్పుకుంటారు, హెచ్చరిక పడితే వ్యూస్ పెరుగుతాయి. అడ్డుపడేది ప్రభుత్వాలే. పాటలోంచి మందూ తుపాకీ తీసేయమనడానికి ఒక కాగితం చాలు. అప్పూ నీళ్లూ పాటలోకి వస్తే మాత్రం జవాబు చెప్పాల్సింది గాయకుడు కాదు.