బడి పరిశ్రమే, పంతులే కార్మికుడు కాడు

ప్రైవేటు బడి పరిశ్రమేనట. అందులో పాఠం చెప్పే పంతులు మాత్రం కార్మికుడు కాడట. 1988లో సుప్రీంకోర్టు తేల్చిన సంగతి ఇది. అంటే ఒకే బడి నుంచి ఒకే రోజు పంతులునీ తోటమాలినీ గెంటేస్తే, తోటమాలికి లేబర్ కోర్టు తలుపు తెరిచే ఉండేది. బీఎడ్ పట్టా చేతబట్టుకున్న పంతులు వేరే గడప వెతుక్కోవాల్సి వచ్చేది. చదువుకుంటే వచ్చే నష్టాల్లో ఇదొకటి.

అసలు పరిశ్రమంటే ఏమిటో 1978లోనే బెంగళూరు నీటి సరఫరా బోర్డు కేసులో ఏడుగురు జడ్జీల ధర్మాసనం చెప్పింది. జస్టిస్ కృష్ణయ్యర్ గీసిన గీతలోకి ఆసుపత్రులు, విశ్వవిద్యాలయాలు, క్లబ్బులు కూడా వచ్చేశాయి. పార్లమెంటుకు అది మింగుడుపడలేదు. 1982లో నిర్వచనం మార్చింది. మార్చిన నిర్వచనాన్ని అమల్లోకి తెచ్చే నోటిఫికేషన్ మాత్రం ఎవరూ ఇవ్వలేదు. ఏ పార్టీ గద్దెనెక్కినా అదే మతిమరుపు! (ఈ ఒక్క విషయంలో ఏకాభిప్రాయం భేష్.)

ఏడుగురు చెప్పింది సరైనదేనా అని చూసే పనిని 2017లో తొమ్మిదిమంది జడ్జీలకు అప్పగించారు. మరోపక్క ఈ నిర్వచనం ఉన్న 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టానికి బదులు 2020లో కొత్త కోడ్ చేశారు. అది అమల్లోకి రావడానికే 2025 నవంబరు దాకా పట్టింది. అందులో లేబర్ కోర్టులు లేవు, ఇద్దరు సభ్యుల ట్రిబ్యునళ్లు ఉన్నాయి. ఒకరు న్యాయాధికారి, ఇంకొకరు పాలనాధికారి. ‘ఈ కేసు మన పరిధిలోకి రాదు’ అనడానికి ఇకపై ఒకరికొకరు తోడు.