జనం లేని ప్రజాప్రతినిధి

జార్జి రాజులు ఏలిన కాలంలో ఇంగ్లండు దొరగారికి అన్నీ పుట్టుకతోనే వచ్చేవి. వేల ఎకరాలు, వేటకుక్కలు, తాతల పటాలు వేలాడే బంగళా, నాన్నగారి కాలి బొటనవేలి గౌటు నొప్పి. పార్లమెంటు సభ్యత్వమూ ఆ ఆస్తిలోదే. లోకంలో ఆయనకు గిట్టనిది ఒక్కటే, జనం.

1710 చట్టం ప్రకారం కౌంటీ తరఫున సభ్యుడు కావాలంటే ఏటా 600 పౌన్లు, పట్టణం తరఫునైతే 300 పౌన్లు భూమి మీద రాబడి ఉండాలి. అది సరే, కౌలుదార్లు తెచ్చి పోస్తారు. ఓటు కూడా వాళ్లే వేస్తారు. రహస్య బ్యాలెట్ లేదు, ఎవరికి వేస్తున్నదీ అందరి ముందూ పైకి చెప్పాలి. కౌలుదారు దొరగారి మొహం చూస్తూ చెబుతాడు. అయినా పోటీ వస్తే తంటాలే. 1754లో ఆక్స్‌ఫర్డ్‌షైర్ ఎన్నికలో రెండు పక్షాలూ మందుకీ విందుకీ డబ్బు మంచినీళ్లలా ఖర్చుపెట్టాయి. ఆ రభస మీద చిత్రకారుడు హోగార్త్ నాలుగు బొమ్మలు గీసి దొరల పరువు తీశాడు. పైగా చెమట పట్టిన చేతులన్నీ పట్టుకుని ఊపాలి!

అందుకే దొరగారి మనసంతా ఓల్డ్ సారమ్ లాంటి చోట్ల మీద. సాలిస్‌బరీ పక్కన గడ్డి మొలిచిన దిబ్బ అది. దానికి ఇద్దరు సభ్యులు. 1831లో ఓటర్లు 11 మంది, ఒక్కరికీ అక్కడ కాపురం లేదు. పొలంలో ఎన్నిక ముగించుకుని భోజనానికి వెళ్లిపోవచ్చు. ఈ దిబ్బను కొన్న థామస్ పిట్ తరవాత మద్రాసుకు గవర్నరుగా వచ్చాడు. మన కృష్ణ ఒడ్డున కొల్లూరు గనిలో దొరికిందని చెప్పే వజ్రాన్ని 1702లో సుమారు 20,400 పౌన్లకు కొని, 1717లో ఫ్రాన్సు రాజప్రతినిధికి 1,35,000 పౌన్లకు అమ్మాడు. ఆయన మనవడు విలియం పిట్ 1735లో ఆ దిబ్బ తరఫునే సభలో అడుగుపెట్టి, ఆనక దేశాన్నే నడిపాడు. దిబ్బనుంచి వచ్చినా ఆయన మాటకారి. అందరూ అలా ఉంటారా?

మన దొరగారికి సభలో లేచి మాట్లాడటం నామోషీ. చరిత్రకారుడు గిబ్బన్ అన్నేళ్లు సభ్యుడిగా ఉండి ఒక్క ప్రసంగమూ చెయ్యలేదు. రోమ్ పతనం గురించి సంపుటాలకు సంపుటాలు రాసినవాడే నోరు విప్పకపోతే, నక్కల వేట తప్ప మరొకటి తెలియని దొరగారిని అనడమెందుకు? ఉత్తరం మీద సభ్యుడి సంతకం ఉంటే తపాలా ఉచితం కదా, ఆ బాధ్యత మాత్రం ఏనాడూ విస్మరించలేదు. మేనత్త ఉత్తరాలకు కూడా సంతకాలు పెట్టి ఇచ్చేవాడు.

మరి ఇంటి దగ్గర? ప్రధానమంత్రి వాల్‌పోలే దారి చూపించాడు. ఉత్తరాల కట్టలో ముందు తన వేటడవి కావలివాడు రాసినదే విప్పేవాడని చెప్పుకొంటారు. హౌటన్‌లో తన కొత్త బంగళాకు ఊరు అడ్డమొచ్చిందని 1729లో ఊరినే అవతలికి జరిపించాడు. తరవాత ఎందరో దొరలకు ఇదే సరదా. కిటికీ తెరిస్తే గడ్డి, చెరువు, జింకలు కనిపించాలి, మనిషి కనిపించకూడదు.

కనిపించిన మనిషి చేతిలో తుపాకి ఉంటే మరీ దారుణం. 1671 నాటి చట్టం ప్రకారం కౌజుపిట్టను కొట్టాలంటే ఏటా 100 పౌన్ల భూమి రాబడి చూపాలి. కౌంటీలో ఓటుకు 2 పౌన్ల రాబడి చాలు. అంటే పిట్టను కొట్టే అర్హత ఓటుకన్నా 50 రెట్లు పెద్దదని న్యాయకోవిదుడు బ్లాక్‌స్టన్ ఎత్తిపొడిచాడు. దొరగారికి ఆ లెక్క చాలా సబబుగా తోచింది. ఓటరు ఎక్కడికి పోతాడు, పిట్ట ఎగిరిపోదూ!

1832 సంస్కరణ చట్టం ఓల్డ్ సారమ్ సీట్లు రెండూ ఊడబెరికింది. అయితే దొరగారిని మరీ ఆడిపోసుకోకండి. ఇంత సేవా ఆయన జీతం లేకుండానే చేశాడు. బ్రిటన్‌లో సభ్యులకు జీతాలు 1911లో గానీ మొదలు కాలేదు.