రాజధాని దర్శనం, భోజనం అదనం

రాజధానుల విషయంలో తెలుగువాళ్లకున్నంత అనుభవం దేశంలో మరెవరికీ లేదు. మద్రాసు మనదేనని కొట్లాడాం. 1953లో కర్నూల్లో డేరాలు వేసుకుని పాలించుకున్నాం. 1956లో మూటాముల్లె సర్దుకుని హైదరాబాదు చేరాం. 2015లో అమరావతి కోసం ఊరూరి మట్టీ నీళ్లూ తెచ్చి ఉద్దండరాయునిపాలెంలో పోశాం. ఆ తర్వాత ఒకటి ఏం చాలుతుందని మూడన్నాం, మళ్లీ ఒకటే అన్నాం. ఇంత చేయి తిరిగినవాళ్లం మలేషియా దాకా వెళ్లి, జంట టవర్ల ముందు ఫొటో దిగి, బతు గుహల మెట్లెక్కి, చాక్లెట్లు కొనుక్కుని వచ్చేస్తే ఏం మర్యాద? అందుకే ప్యాకేజీలవాళ్లు మన అభిరుచి కనిపెట్టి ఇంకో అంశం జోడించారు: పాలనా రాజధాని పుత్రజయ, గైడుతో ప్రైవేట్ డే ట్రిప్. వ్యాను, నీళ్లు, గైడు వాళ్లవి. భోజనం మనది.

ప్రైవేట్ టూరులో సుఖమేమిటంటే, జెండా పట్టుకుని ముందు నడిచే అమ్మాయి ఉండదు. ఎవరో పెద్దాయన బాత్రూం నుంచి వచ్చేదాకా బస్సంతా కాచుకోనక్కర్లేదు. డ్రైవరూ గైడూ ఒకడే, తమిళ కుర్రాడు. వెనక నేనూ, మా ఆవిడా, గుంటూరులో వెంచర్లు వేసే మా బావమరిది. అమరావతి చుట్టుపక్కల ఏ సర్వే నంబరు ఏ కాలంలో ఎవరి పేరు మీదికి మారిందో మావాడు కళ్లు మూసుకుని చెబుతాడు. విదేశీయాత్ర వాడికి సైట్ విజిట్టే.

పుత్రజయ కౌలాలంపూర్‌కు దక్షిణంగా పాతిక కిలోమీటర్లు. పాత నగరంలో ట్రాఫిక్ పెరిగిపోయిందని, ప్రభుత్వ కార్యాలయాలన్నీ కొత్తచోటికి పోవాలని అప్పటి ప్రధాని మహతీర్ మహమ్మద్ నిర్ణయించాడు. 1997లో ఆసియా కరెన్సీలు కుప్పకూలినప్పుడు పని నెమ్మదించింది గానీ ఆగలేదు. 1999లో ప్రధాని కార్యాలయం అక్కడికి మారింది, 2001లో ఊరు ఏకంగా కేంద్రపాలిత ప్రాంతమైంది. వాళ్లను ఖండాన్నే కుదిపిన ఆర్థిక సంక్షోభం ఆపలేకపోయింది. మనకు ఒక్క ఎన్నిక చాలు. కారణం కూడా పెద్ద రహస్యమేమీ కాదు. 1981 నుంచి 2003 దాకా అక్కడ ప్రధాని ఒక్కడే. ఇరవై రెండేళ్లు ఒకే మనిషి కుర్చీలో ఉంటే ఏ ప్లానైనా మారకుండానే ఉంటుంది. దానికి మెచ్చుకోవాలో, భయపడాలో ఎవరికి వాళ్లు తేల్చుకోవాలి.

ఊళ్లోకి దిగగానే పెర్సియారాన్ పెర్దానా అనే మహారాజమార్గం. నాలుగు కిలోమీటర్ల పైచిలుకు పొడవు, వంద మీటర్ల వెడల్పు. మావాడు కిటికీకి అతుక్కుపోయాడు.

‘బావా, వంద మీటర్లంట! మనం బ్రోచర్లో వందడుగుల రోడ్డని వేస్తేనే ఫోన్లు ఆగవు.’

రోడ్డుకో తీరు దీపస్తంభం. ఒకచోట రెక్కలు విప్పిన పక్షి, ఇంకోచోట వంగిన గరిటె. ఒక వీధి డిజైను పక్కవీధికి రాకుండా చూసుకున్నారు. ఫుట్‌పాత్ మీద రాయి కదల్లేదు, గోడ మీద పోస్టరు లేదు, హారన్ మోతే లేదు. ఆ వెడల్పులో, ఆ ఎండలో, మనిషి కూడా లేడు. ఎవరైనా నడుస్తూ కనిపిస్తే వాడు టూరిస్టు, కాకపోతే మొక్కలకు నీళ్లు పెట్టేవాడు. వెళ్లింది ఆదివారం. మామూలు రోజుల్లో ఉద్యోగులుంటారని గైడు భరోసా ఇచ్చాడు. అంటే సాయంత్రం ఆఫీసులు మూస్తే ఊరు కూడా మూస్తారన్నమాట. మూడు లక్షల పైచిలుకు జనం కోసం గీసిన ప్లానులో, 2020 జనాభా లెక్కల నాటికి తేలినవాళ్లు లక్షా తొమ్మిది వేలు. మిగిలినవాళ్లు ఇంకా బ్రోచర్లోనే ఉన్నారు.

గైడు చెప్పే కథంతా ‘లాగా’ల మీద నడుస్తుంది. ఈ పుత్ర వంతెన ఇరాన్‌లోని ఇస్ఫహాన్ ఖాజూ వంతెనలాగా. ఆ సెరి గెమిలాంగ్ వంతెన పారిస్ వంతెనలాగా. గులాబీరంగు మసీదు గుమ్మటం సఫావీల కాలంలోలాగా, దాని 116 మీటర్ల మినారు బాగ్దాద్ మసీదులోలాగా, కింది గోడ కాసాబ్లాంకాలోలాగా. న్యాయభవనం గుమ్మటం చూడగానే, తాజ్‌మహల్‌లాగా అని అతను చెప్పకముందే మా ఆవిడ చెప్పేసింది. ప్రపంచమంతా తిరిగి తలా ఒక ముక్కా తెచ్చుకుని కట్టుకున్న ఈ ఊరికి మనవాళ్లు వచ్చి, ‘పుత్రజయలాగా కట్టాలి’ అనుకుని వెళతారు. 2014 తర్వాత మన రాజధాని కబుర్లలో సింగపూర్ తర్వాత దొర్లిన పేర్లలో ఇదొకటి. నకలుకు నకలు తీస్తే అక్షరాలు అలుక్కుపోతాయని జిరాక్స్ షాపు కుర్రాడిని అడిగినా చెబుతాడు. కన్సల్టెంటును అడిగితే మాత్రం ఫీజు తీసుకుని, చక్కగా వస్తుందంటాడు.

నిజానికి ఈ నకళ్ల బంధుత్వం మనకు పాతదే. 2020 నాటికి మలేషియా సంపన్నదేశం కావాలని మహతీర్ 1991లో విజన్ ప్రకటించాడు. 1999లో మన చంద్రబాబు గారు మెకిన్సే చేత విజన్ 2020 రాయించారు. అక్కడ సైబర్‌జయ, ఇక్కడ సైబరాబాద్. తీరా 2020 వచ్చేసరికి, తొంభైల్లో ఉన్న మహతీర్ రెండోసారి ప్రధానిగా ఉండి ఫిబ్రవరిలో రాజీనామా చేశాడు, చంద్రబాబు గారు ప్రతిపక్షంలో ఉన్నారు, మార్చి వచ్చేసరికి రెండు దేశాల ప్రజలూ ఇంట్లో కూర్చుని చేతులు కడుక్కుంటున్నారు. ఇప్పుడు మనది 2047. ఈసారి గడువు బాగా దూరంగా పెట్టుకున్నాం, అడిగేవాళ్లు తక్కువమంది మిగులుతారు.

‘మలేషియావాళ్ల పనితనం నాకు తెలుసు బావా, కూకట్‌పల్లిలో మలేషియా టౌన్‌షిప్ చూడలా?’ అన్నాడు మావాడు.

మసీదు దగ్గర వ్యాను ఆగింది. గులాబీ గ్రానైటు, పదిహేను వేలమంది ఒకేసారి నమాజు చేసుకోగల వైశాల్యం, నిజంగానే చూడముచ్చటైన కట్టడం. ప్రవేశం ఉచితం. ఒంటి నిండా బట్టలేనివాళ్లకు మాత్రం గుమ్మం దగ్గర తలముసుగుతో సహా పొడవాటి ముదురురంగు అంగీ ఇస్తారు. మా ఆవిడ చీర కొంగు భుజం చుట్టూ కప్పుకుని ఇక తనకేం అక్కర్లేదనుకుంది, ఆమెకూ ఒకటి ఇచ్చారు. సగం ప్యాంటులో వచ్చిన మావాడికి ఇచ్చిన అంగీ పొట్ట దగ్గర బిగుసుకుని, మోకాళ్ల దాకా వచ్చి ఆగిపోయింది. ముసుగు తలమీదికి లాక్కుని, వెనక సరస్సు పడేలా సెల్ఫీ తీసి, వెంచర్ గ్రూపులో పెట్టాడు. రెండు నిమిషాల్లో ఎవరో ‘లేక్ వ్యూ సూపర్ అన్నా’ అని బదులిచ్చారు. ఆ సరస్సూ చేసిందే. రెండు చిన్న ఏర్లకు అడ్డుకట్ట కట్టి, పైన చిత్తడి నేలలు పెంచి, వాటి రెల్లుగడ్డిలో నీళ్లు వడగట్టి దింపుతారు. ఈ ఊళ్లో నాకు మనస్ఫూర్తిగా నచ్చింది ఇదొక్కటే. కృష్ణ ఒడ్డున ఉండి, కొండవీటి వాగుకు మోటార్లు పెట్టి వరద ఎత్తిపోసుకునే మనవాళ్లు చూడాల్సింది గుమ్మటాలు కాదు, ఆ రెల్లుగడ్డి. ప్యాకేజీలో దానికి టైము లేదు.

ప్రధాని కార్యాలయం పచ్చటి గుమ్మటం మసీదు పక్కనే. గుండ్రటి చౌకులో నిలబడి ఎవరైనా ఫొటో దిగొచ్చు. లోపలికి పోనక్కర్లేదు, పోనివ్వరు కూడా. అయితే పార్లమెంటు ఎక్కడ తంబీ అని అడిగితే, కౌలాలంపూర్‌లోనే ఉందన్నాడు. రాజుగారు? అక్కడే. కాగితాల మీద రాజధాని? అదీ కౌలాలంపూరే. ఇక్కడున్నవి కార్యాలయాలూ కోర్టూ. శాసనాలు ఒకచోట, పాలన ఇంకోచోట. వాళ్లు దీనికి వికేంద్రీకరణ అని పేరు పెట్టలేదు, ట్రాఫిక్ అన్నారు. మనవాళ్లకు ఆ మాట తట్టి ఉంటే ఎంతమంది లాయర్ల ఫీజులు మిగిలేవో!

న్యాయభవనం ముందు వ్యాను నెమ్మదించింది. ‘కోర్ట్ సార్’ అని ఒక్కమాటతో తేల్చేశాడు గైడు. అసలు కథంతా అక్కడే ఉంది. 2015 ఫిబ్రవరిలో ప్రతిపక్ష నాయకుడు అన్వర్ ఇబ్రహీం శిక్షను ఖరారు చేసి జైలుకు పంపింది ఇక్కడి ఫెడరల్ కోర్టే. అప్పుడు ప్రధాని నజీబ్ రజాక్. 2022 ఆగస్టులో అదే కోర్టు అదే నజీబ్ శిక్షను ఖరారు చేసి జైలుకు పంపింది. ఆ నవంబరులో అన్వర్ వచ్చి పచ్చ గుమ్మటం కింద ప్రధానిగా కూర్చున్నాడు. ఊరు చాలా శాస్త్రీయంగా ప్లాను చేశారనడానికి ఇంతకంటే రుజువేం కావాలి? కుర్చీకీ బోనుకీ మధ్య దారి సూటిగా ఉంది, చెట్లు కూడా నాటారు. మన నాయకులకు ఆ సౌకర్యం లేదు. జైలుకు వెళ్లి, బయటికొచ్చి, ముఖ్యమంత్రి కావాలంటే ఒకాయన చంచల్‌గూడ మీదుగా రావాల్సివచ్చింది, ఇంకొకాయన రాజమహేంద్రవరం మీదుగా. అమరావతి నవ నగరాల ప్లానులో ఈ లోటు ఎవరూ గమనించినట్టు లేదు.

ఆ పక్కన మోనోరైలు వంతెన. దీని ముందు నన్ను అరగంట వదిలేసినా విసుగు రాదు. ఊరంతా మోనోరైలు తిప్పాలనుకున్నారు, దానికోసం నీళ్ల మీద తీగలతో అందమైన వేలాడే వంతెన కట్టారు, 2004లో పనులు ఆపేశారు. వంతెన మిగిలింది, రైలు రాలేదు. అటు కొస పట్టాల్లేని గాలిలో ఆగిపోయి ఏళ్ల తరబడి అలాగే నిలబడింది. గైడు దాన్ని దాటించేద్దామని యాక్సిలరేటరు తొక్కాడు గానీ మేం ఊరుకోలేదు. అప్పటిదాకా పరాయిదేశంలో ఉన్నట్టు బిక్కుబిక్కుమంటున్న మా ఇద్దరికీ ఆ సగంలో ఆగిన పని కనపడగానే సొంతూరు వచ్చినట్టయింది. మన సచివాలయ టవర్ల పునాదులు అయిదేళ్లు నీళ్లలో నానాయి, 2024లో ఐఐటీ నిపుణులు వచ్చి నాడి చూసి బతికే ఉన్నాయన్నారు. మనది నీళ్లలో ఆగింది, వాళ్లది నీళ్ల మీద ఆగింది. అంతే తేడా.

‘ఆపినోళ్లు ఏ పార్టీ తంబీ?’ అని మావాడు ఆసక్తిగా అడిగాడు.

‘కట్టినోళ్లే సార్.’

మావాడికి ఇది మింగుడుపడలేదు. అధికారం మారకుండా పని ఆగడమేమిటని భోజనం దాకా ఆలోచిస్తూనే ఉన్నాడు.

భోజనం సరస్సు ఒడ్డున ఫుడ్‌కోర్టులో. నాసి లెమాక్, రోటీ చనాయ్, మూరెడు ఎత్తునుంచి పోసి నురగ తేల్చిన తే తారిక్. ఊరు మొత్తమ్మీద జనం ఒరుసుకుని కూర్చున్న చోటు ఇదొక్కటే. ఇక్కడ మాత్రం బల్ల మీద టీ మరకలున్నాయి, పిల్లలు ఏడుస్తున్నారు, ప్లేటు కోసం ఇద్దరు వాదించుకుంటున్నారు. ఊరంటే ఇదేనని మాస్టర్‌ప్లానుకు ఎవరూ చెప్పలేదనుకుంటా. వీధి చివర చాయ్ బంకుకు ఏ రంగు వేయాలో ఏ ఆర్కిటెక్టూ నిర్ణయించలేడు, అందుకని అసలు బంకే లేకుండా చేస్తారు. మావాడు ఇక్కడ కూడా పనిలోనే ఉన్నాడు. గజం ఎంత పలుకుతుందని గైడును అడిగాడు. ఇళ్లు చాలావరకు ప్రభుత్వోద్యోగులవి సార్ అన్నాడతను. ‘అంటే పరీక్ష రాయాలా?’ అని మావాడు నీరుగారిపోయాడు.

గైడు చెప్పని సంగతి ఒకటుంది. ఈ సరస్సూ, మసీదూ, మహారాజమార్గమూ ఉన్నచోట ఒకప్పుడు రబ్బరు తోటలు. మొదటి ప్రపంచయుద్ధం నుంచి తిరిగొచ్చిన బ్రిటిష్ అధికారులు 1921లో అడవి కొట్టి ప్రాంగ్ బెసార్ ఎస్టేటు వేశారు. కేరళ రబ్బరు రైతులు పీబీ 86 అని ఒక రకం పేరు చెబుతారే, ఆ పీబీ ఈ తోటే. ఆ చెట్లకు గాట్లు పెట్టి పాలు తీసిందేమో తమిళ కూలీలు, మూడు తరాలు. మలేషియా తోటల్లో మన తెలుగు కూలీలూ తక్కువేం కాదు గానీ, ఈ ఊరి కిందికి పోయిన నాలుగు ఎస్టేట్లలో ఎక్కువమంది తమిళులే. రాజధాని రాగానే దాదాపు నాలుగొందల కుటుంబాలను తీసుకెళ్లి, పుత్రజయ పొలిమేర అవతల డెంకిల్ దగ్గర చౌక ఫ్లాట్లలో పెట్టారు. మీకు సొంత ఇళ్లు కట్టిస్తామన్నారు. గోడలు పగుళ్లు వారాయి, అర్జీలు పెట్టారు, ఎన్నికలు వచ్చిపోయాయి. భూమి ఉన్నవాడితో ఏ దేశంలోనైనా ఒప్పందం రాసుకుంటారు. మన దగ్గర ముప్ఫై వేల ఎకరాల పైచిలుకు ఇచ్చిన రైతులకు ప్లాటూ కౌలూ కాగితం మీద ఉన్నాయి కాబట్టి రోడ్డెక్కి అయినా అడిగారు. అదే పొలంలో కూలి చేసుకున్నవాడికి నెలకు రెండున్నర వేల పింఛను మొదలుపెట్టి, రాజధానిలో నీ వాటా ఇదేనన్నారు. వాడి ఫొటో ఏ త్రీడీ వీడియోలోనూ పడలేదు. ఆ వీడియోల్లో తెల్ల చొక్కాలవాళ్లు పచ్చిక మీద ల్యాప్‌టాప్ పట్టుకుని నడుస్తుంటారు.

తిరుగుదారిలో, డెంకిల్ మీదుగా ఒకసారి పోనిస్తావా తంబీ అని అడిగాను. అతను అద్దంలోంచి చూశాడు.

‘ప్రోగ్రాంలో లేదు అంకుల్. పోవాలంటే ఎక్స్‌ట్రా అవర్ పడుతుంది. అక్కడేం లేదు, ఉత్త ఫ్లాట్లే.’

అప్పటిదాకా వెనక సీట్లో గురక పెడుతున్న మావాడు దిగ్గున లేచి కూర్చున్నాడు.

‘ఫ్లాట్లా? ఎస్సెఫ్టీ ఎంతకు ఇస్తున్నారు?’