37 కిలోల ముద్దాయి

ఒలింపిక్ పెద్దల న్యాయబుద్ధిని శంకిస్తే కళ్లు పోతాయి. వాళ్లది అచ్చంగా తూకం న్యాయం. ముందు ముద్దాయిని కాటాలో కూర్చోబెట్టి బరువు చూస్తారు, ఆ తర్వాతే తీర్పు చెబుతారు. కావాలంటే 2000 సెప్టెంబరు 21 సాయంత్రం సిడ్నీలో జరిగిందీ, ఐదు రోజుల తర్వాత జరిగిందీ పక్కపక్కన పెట్టి చూడండి.

ఆ సాయంత్రం మహిళల జిమ్నాస్టిక్స్ ఆల్‌రౌండ్ ఫైనల్. వాల్టు గుర్రం ఎత్తు 125 సెంటీమీటర్లు ఉండాలి. నిర్వాహకులు 120కి బిగించి పెట్టారు. ఐదు సెంటీమీటర్లకే ఇంత గోలేమిటని సోఫాలో కూర్చున్న మనకు అనిపించొచ్చు. గుర్రం మీదికి దూకేవాళ్లకు అనిపించదు. చాలామంది పరుగు తీసుకొచ్చి, పిల్లిమొగ్గ వేసి, స్ప్రింగ్‌బోర్డు మీంచి వెనక్కి ఎగురుతారు. చేతులు ఆనించే చోటును కళ్లతో చూసే వీలు ఉండదు. ఏళ్ల తరబడి చేసిన సాధనతో అది అక్కడే ఉంటుందని నమ్మి చేతులు చాపుతారు. ఆ రోజు అది అక్కడ లేదు. అమెరికా అమ్మాయి ఎలీస్ రే పడింది. స్వర్ణం నాదేనన్న ధీమాతో వచ్చిన రష్యా తార స్వెత్లానా ఖోర్కినా మోకాళ్ల మీద కూలబడింది. ఆ దిగులుతోనే అన్‌ఈవెన్ బార్స్ దగ్గరికెళ్లి, ప్రపంచంలో తనకు ఎదురులేని ఆ బార్స్ మీదా పట్టు జారింది.

గుర్రం పొట్టిదని కనిపెట్టిందెవరు? బ్లేజర్లు తొడుక్కున్న సాంకేతిక అధికారులా? బల్లల వెనక కూర్చున్న జడ్జీలా? వాళ్లకు అలాంటి చిల్లర పనులు చూసుకునే తీరిక ఎక్కడిది? పోటీ చెయ్యడానికొచ్చిన ఆస్ట్రేలియా అమ్మాయి అల్లానా స్లేటర్ 'ఇదేదో తేడాగా ఉంది' అంటే అప్పుడు కొలిచారు. ఐదు సెంటీమీటర్లు తక్కువ. అప్పటికి పోటీ సగం అయిపోయింది. పెద్దలు హుందాగా విచారం వెలిబుచ్చి, కావాలనుకున్నవాళ్లు మళ్లీ దూకొచ్చని సెలవిచ్చారు. బార్స్ మీద పడిపోయిన ఖోర్కినాకు ఇక వాల్టు ఎందుకు? పోటీ రద్దు కాలేదు, ఫలితం చెల్లింది. మనుషులన్నాక పొరపాట్లు సహజం. ఈ సూత్రాన్ని ఒలింపిక్ ఉద్యమం మనసా వాచా నమ్ముతుంది, పొరపాటు తనదైనప్పుడు.

ఆ పోటీలో గెలిచింది రుమేనియా అమ్మాయి ఆండ్రియా రదుకాన్. బర్లాద్ అనే ఊళ్లో పుట్టి, దేవాలోని జాతీయ శిబిరంలో ఆక్టావియన్ బెల్లు, మరియానా బితాంగ్ చేతికింద రాటుదేలిన పిల్ల. ఎత్తు నాలుగడుగుల పది అంగుళాలు, బరువు 37 కిలోలు. అంతకు ముందు ఏడాది చైనాలోని తియాంజిన్‌లో ఫ్లోర్ మీద ప్రపంచ విజేత. సిడ్నీలో ఆమె స్కోరు 38.893. రెండో స్థానం సిమోనా అమనార్‌ది, మూడోది మరియా ఒలారుది. ముగ్గురూ రుమేనియన్లే. ఒలింపిక్స్ ఆల్‌రౌండ్‌లో ఒకే దేశం మూడు మెట్లూ ఎక్కడం 1960లో సోవియట్ అమ్మాయిల తర్వాత ఇదే. 1976లో నాదియా కొమనీచి గెలిచాక రుమేనియాకు మళ్లీ ఈ కిరీటం రావడమూ ఇదే. రెండు రోజుల ముందు జట్టు స్వర్ణం కూడా వచ్చింది, పదహారేళ్ల విరామం తర్వాత.

ఇంతలో జలుబు.

పోటీ సమయంలో రదుకాన్‌కు ముక్కు కారింది, తల పట్టేసింది. జట్టు డాక్టరు న్యూరోఫెన్ కోల్డ్ అండ్ ఫ్లూ మాత్ర ఇచ్చాడు. మందుల షాపులో చీటీ లేకుండా దొరికే బాపతు. అందులో ఉన్న సూడోఎఫెడ్రిన్ అప్పటి నిషేధ జాబితాలో ఉంది. ఆ సంగతి తెలిసి ఉండాల్సింది డాక్టరుకి. తెలుసుకోలేదని శిక్ష పడింది పేషెంటుకి. ఆమెకు 16 ఏళ్లు. ఆ వయసు పిల్ల డాక్టరు చేతిలోంచి మాత్ర తీసుకుని, అద్దాలు సవరించుకుని, వెనకాల ఉన్న రసాయనాల చిట్టా చదివి, 'ఏమండీ, ఇది రెండో పట్టికలో ఉందా, మూడో పట్టికలో ఉందా' అని అడగాలని పెద్దల అభిప్రాయం కాబోలు. అడిగి ఉంటే దేవా శిబిరంలో ఏమనేవారో ఊహించుకోవచ్చు. అక్కడ ప్రశ్నలడిగే పిల్లలను తయారు చెయ్యరు.

సెప్టెంబరు 26న అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ కార్యవర్గం కూర్చుని స్వర్ణం లాగేసుకుంది. జాగ్రత్తగా వినండి, తీర్పులోని సొగసంతా ఇక్కడే ఉంది. అమ్మాయి మీద నిషేధం లేదు. కావాలని వేసుకుందన్న ఆరోపణా లేదు. రేపటి నుంచి హాయిగా ఆడుకోవచ్చు. జట్టు స్వర్ణం ఆమె దగ్గరే ఉంటుంది, వాల్టులో వచ్చిన రజతమూ ఉంటుంది, ఎందుకంటే ఆ పరీక్షల్లో ఏమీ తేలలేదు. ఒకే వారం, ఒకే హాలు, ఒకే పిల్ల. మంగళవారం పవిత్రురాలు, గురువారం పతిత, ఆదివారం మళ్లీ పవిత్రురాలు. పాపాన్ని రోజువారీ లెక్కన విడగొట్టి వసూలు చెయ్యడం చిత్రగుప్తుడికి కూడా చేతకాని విద్య.

రుమేనియా వాళ్లు క్రీడా మధ్యవర్తిత్వ న్యాయస్థానానికి వెళ్లారు. 37 కిలోల ఒంట్లో మాత్ర లెక్క వేరుగా ఉంటుందని వాదించారు. నిబంధనకు బరువుతో పనిలేదని, పిల్ల మంచిదే అయినా నియమం నియమమేనని, సెప్టెంబరు 28న కోర్టు అప్పీలు కొట్టేసింది. ఎంత వేగం! మన దగ్గర గట్టు తగాదాకు రెండు తరాలు తిరగాలి. అక్కడ రెండు రోజుల్లో తేల్చేశారు. సెప్టెంబరు 30న ఆ పిల్లకు 17 నిండుతాయి, పాపం పుట్టినరోజు దాకా నాన్చకుండా ముందే పని ముగించారు. డాక్టరు సంగతంటారా? తర్వాతి రెండు ఒలింపిక్స్‌కి రావద్దన్నారు. ఆమె పోగొట్టుకున్నది జీవితంలో ఒక్కసారి దొరికేది, ఆయన పోగొట్టుకున్నది రెండు విమానం టిక్కెట్లు.

స్వర్ణం అమనార్‌కి జరిగింది. ఆవిడ ఎగిరి గంతేసిందనుకునేరు. అసలు విజేత ఆండ్రియానేనని బాహాటంగా చెప్పింది. ఒలారుకు రజతం, నాలుగో స్థానంలో ఉన్న చైనా అమ్మాయి ల్యూ షువాన్‌కి కాంస్యం. ఎవరూ పోగొట్టుకున్నామని ఏడవని పతకాలను అందరికీ పంచిపెట్టి, పెద్దలు చేతులు దులుపుకున్నారు.

ఇంత నిక్కచ్చిగా ఉండకపోతే క్రీడలు ఉత్ప్రేరకాల పాలవుతాయని వాదించే ధర్మాత్ములు అప్పుడూ ఉన్నారు, ఇప్పుడూ ఉన్నారు. వాళ్ల కోసం అదే సిడ్నీ నుంచి ఇంకో ముచ్చట. అమెరికా పరుగుల రాణి మారియన్ జోన్స్ అక్కడ మూడు స్వర్ణాలు, రెండు కాంస్యాలు గెలిచింది. పరీక్షలన్నీ శుభ్రంగా పాసయింది. 2007లో స్టెరాయిడ్లు వాడానని తానే కోర్టులో ఒప్పుకునేదాకా ఆ ఐదు పతకాలూ ఆమె ఇంట్లోనే ఉన్నాయి. పకడ్బందీగా మందు కొట్టినావిడను పట్టుకోవడానికి ఏడేళ్లు, అదీ ఆవిడ దయవల్ల. ముక్కు చీదుకున్న పిల్లను పట్టుకోవడానికి ఐదు రోజులు. పిచ్చుక మీద బ్రహ్మాస్త్రం వెయ్యడం కన్నా విచిత్రం, గద్ద ఎగురుతుంటే విల్లు కింద పెట్టి చప్పట్లు కొట్టడం.

అసలు వినోదం ఇంకా ఉంది. ఏ సూడోఎఫెడ్రిన్ కోసం ఇంత యాగీ చేశారో, దాన్ని 2004 జనవరి నుంచి నిషేధ జాబితాలోంచి తీసేశారు. అంటే ఏథెన్స్‌లో జలుబు చేసినవాళ్లు అదే మాత్ర వేసుకుని, అదే గుటకతో నీళ్లు తాగి, అదే పోటీకి వెళ్లొచ్చు. సిడ్నీలో మహాపాపం, ఏథెన్స్‌లో గృహవైద్యం. తర్వాత మళ్లీ బుద్ధి మారి 2010లో జాబితాలోకి తెచ్చారు. ఈసారి హద్దు మిల్లీలీటరుకు 150 మైక్రోగ్రాములు. సిడ్నీలో హద్దు 25. రదుకాన్ నమూనాలో తేలింది 90 చిల్లర. అంటే ఈనాటి కొలబద్దతో ఆ పిల్ల నిప్పులాంటిది. ఆవిడ ఆ పతకం తిరిగి ఇవ్వమని అడిగింది. కుదరదన్నారు. గీతను జరుపుకునే హక్కు గీసినవాళ్లకు ఉంటుంది. గీతకు ఆ రోజు అవతల నిలబడ్డవాళ్లు మాత్రం ఎప్పటికీ అవతలే ఉండాలి.

ఇంతదాకా చదివి రుమేనియా పెద్దలు కళ్లొత్తుకుంటూ ఉంటే, ఆ రుమాలు కాస్త పక్కన పెట్టమని మనవి. పోటీకి పనికొచ్చే వయసు లేకపోతే పాస్‌పోర్టులో వయసు పెంచి పిల్లలను పంపిన ఘనత వాళ్లది. డానియెలా సిలివాష్ తన పుట్టిన సంవత్సరాన్ని రెండేళ్లు వెనక్కి జరిపారని 2002లో బయటపెట్టింది. మరియా ఒలారు 2016లో పుస్తకం రాసి, శిక్షణలో దెబ్బలు తిన్నామని చెప్పింది. పిల్ల తింటున్న దెబ్బల లెక్క ఎవరూ అడగలేదు. మింగిన మాత్ర లెక్క మాత్రం ప్రపంచమంతా అడిగింది.

రదుకాన్ అక్కడితో ఆగిపోలేదు, ఆమె జీవితం మొత్తాన్ని ఒక మాత్రకు కుదించడం మళ్లీ ఆ పెద్దల పద్ధతే అవుతుంది. 2001లో బెల్జియంలోని ఘెంట్‌లో జట్టు, బీమ్, ఫ్లోర్ మూడింటా ప్రపంచ స్వర్ణాలు గెలిచింది. జలుబు లేకుండా కూడా దూకగలదని అందరికీ అర్థమైంది. 2017లో రుమేనియా జిమ్నాస్టిక్స్ సమాఖ్యకు అధ్యక్షురాలైంది. అప్పటికి ఆ వైభవం ఎండిపోయింది. రియోకు జట్టే అర్హత సాధించలేదు, టోక్యోకూ లేదు.

2024లో పారిస్‌కు జట్టు మళ్లీ వచ్చింది. పెద్దలూ వచ్చారు, ఎక్కడ ఆపారో అక్కడి నుంచే మొదలుపెట్టారు. ఆగస్టు 5న ఫ్లోర్ ఫైనల్. ఆనా బర్బోసుకు 13.700. సహచరి సబ్రినా మనేకా-వోయినియాకూ 13.700, కాకపోతే నైపుణ్యం మార్కుల్లో కాస్త తక్కువ. ఆఖరున అమెరికా జోర్డాన్ చైల్స్‌కు 13.666. బర్బోసు జెండా కప్పుకుని సంబరం చేసుకుంటోంది. ఇంతలో అమెరికా కోచ్ అభ్యంతరం పెట్టింది, చైల్స్ స్కోరు 13.766కి పెరిగింది. బోర్డు చూసిన పిల్ల చేతిలోంచి జెండా జారి నేల మీద పడింది. ఆ తర్వాత తేలిందేమిటంటే, ఆఖరి పోటీదారు తరఫున అభ్యంతరం చెప్పడానికి ఒక నిమిషం గడువు. చెప్పింది నిమిషం మీద నాలుగు సెకన్లకట. సిడ్నీ పిల్లను కాదన్న అదే న్యాయస్థానం ఈసారి రుమేనియా వైపు తీర్పు చెప్పింది. ఆగస్టు 16న బుకారెస్ట్‌లో బర్బోసు మెడలో కాంస్యం వేశారు. అమెరికా తన దగ్గర వేరే వీడియో ఉందంటూ స్విస్ కోర్టు గడప తొక్కింది.

క్రీడా న్యాయస్థానం విచారణలో మరో ఆణిముత్యం బయటపడింది. నిమిషం గడువు పెట్టిన అంతర్జాతీయ సమాఖ్య, ఆ నిమిషం అయిందో లేదో అప్పటికప్పుడు చూసి చెప్పే ఏర్పాటేదీ చేసుకోలేదు. మనేకా-వోయినియాకు ఫ్లోర్ అంచు గీత దాటిందని 0.1 కోశారు. దాటలేదని వీడియోలు చూసినవాళ్లందరికీ కనిపించింది. ఆ 0.1 ఉంటే కాంస్యం నేరుగా ఆమెదే. కానీ సకాలంలో ఆ సంగతి అడగలేదు కాబట్టి, జడ్జీ కళ్లు చూసిందే నిజం. ముగ్గురికీ కాంస్యం ఇచ్చేద్దాం అని రుమేనియా అంటే అదీ కుదరదన్నారు.

చైల్స్‌ని మాత్రం పతకం వెనక్కి ఇవ్వమన్నారు. గడువు దాటిందంటున్న ఆ అభ్యంతరాన్ని తీసుకుని, లోపలికి పంపి, స్కోరు మార్చిన అధికారులను ఏదీ వెనక్కి ఇవ్వమనలేదు, కనీసం ఆ రోజు భత్యమైనా.